రాలెనా, రాలునా? "రాకాసు లెత్తిన రాతిగోడ"

పాటిదిబ్బ:
వారం రోజులుగా ఒక పాదం నోట్లో నానుతోంది, మొదటి మాట మాత్రం తేలడం లేదు. ఇంటర్‌లో మా ఇంగ్లీషు మాస్టారు "ది రూయిన్" అనే పాత ఇంగ్లీషు శిథిలనగర పద్యాన్ని తేటగీతుల్లో చెప్పి వినిపించేవారు. "రాలె రాకాసు లెత్తిన రాతిగోడ" అని నాకు గుర్తు. అదే కాలేజీలో చదివిన మా చెల్లెలు "రాలు" అంటోంది. మొన్న ఇంగ్లండులో వేడినీటి ఊటల ఊరు బాత్ వెళ్ళాను. రోమన్లు కట్టిన తూము ఇప్పటికీ పారుతోంది. కమాను కింద ఆవిరి, నీళ్ళు తగిలిన రాయంతా ఇనుపతుప్పు పట్టి నారింజరంగు. రోజుకి 11.7 లక్షల లీటర్లు, 46 డిగ్రీల వేడితో ఊరుతున్నాయట. అక్కడ నిలబడ్డప్పుడు పట్టుకుంది ఈ పాదం. మాస్టారు ఇప్పుడు లేరు. ఎవరికైనా తెలుసా?

గోదారిగట్టు:
గణాలు రెంటికీ సరిపోతాయి, కాబట్టి మూలాన్నే అడగాలి. అక్కడున్నది "బ్రోస్నథ్", వర్తమానం. గోడ ఇంకా రాలుతూనే ఉంది. "రాలె" అంటే పని అయిపోయింది, పద్యం చచ్చిపోయింది. మీ చెల్లెలుగారిదే సరైన పాఠం.

బండిఱ:
గణాలు చూశారు గాని యతి చూడలేదు. రాయి అన్నమాట బండి ఱ. "ఱాతిగోడ" అని రాయాలి. రాలడంలో ఉన్నది మామూలు రేఫ. నన్నయ తిక్కనల దగ్గర ఈ రెంటికీ మైత్రి లేదు. కనుక మొదటిమాట రాలడం కాదు, "ఱాలు", అంటే రాళ్ళు. "ఱాలు! రాకాసు లెత్తిన ఱాతిగోడ." మూలంలో మొదటి పాదంలోనే "వెయల్‌స్తాన్", గోడరాయి, ఉంది గదా. పద్యం రాయి మీద మొదలవుతుంది, రాలడం మీద కాదు.

గోదారిగట్టు:
ఱాలూ ఱాతిగోడా ఒకే పాదంలోనా? పునరుక్తి కాదూ? పైగా ఆయన నోటితో చదివారు, వీరు చెవితో విన్నారు. చెవికి ర, ఱ ఒకటే. మీ వాదం బాగుంది గాని కాగితం మీద మాత్రమే నిలుస్తుంది. నా అభ్యంతరం అసలు రెండో మాట మీద. మూలంలో "ఎంట యెవెయొర్క్", అంటే ఎంట్ల పని, అని ఉంది. ఆ ఎంట్ రాకాసి కాదండీ. మనుషుల్ని తినేవాడికి వాళ్ళ వీరగాథ బేవుల్ఫ్‌లో "ఎయొటెన్" అని వేరే మాట ఉంది. ఎంట్ కట్టడం తెలిసినవాడు. మన మయుడే. "మయుడు నిర్మించిన" అన్నా గణం చెడదు.

నల్లరేగడి:
ఒప్పుకోను. మా వైపు చేల మధ్య నాలుగు పలకలు నిలబెట్టి పైన బండ కప్పిన పెద్దరాతియుగం సమాధుల్ని రాకాసిగుళ్ళు అంటారు. అక్కడ రాకాసి ఎవర్నీ తినడు. ఆ బండ మనిషి ఎత్తేది కాదు, అందుకని రాకాసి ఎత్తాడు. అంతే లెక్క. పాత ఇంగ్లీషువాళ్ళదీ అదే లెక్క: వాళ్ళ ఇళ్ళు కర్రవి, ఎదురుగా రోమన్ల రాతిగోడలు. బేవుల్ఫ్‌లో డ్రాగన్ పడుకున్న దిబ్బ లోపల రాతికమానులుంటే దాన్నీ ఎంట్ల పని అనే అన్నారు. మయుడి సభ చూడ్డానికి రాజులు వస్తారు, ఈ దిబ్బల దగ్గరికి సందెవేళ ఎవరూ పోరు. "రాకాసు లెత్తిన" అన్న మాస్టారికి ఈ తేడా తెలుసు.

ఇంకొకటి. ఇప్పటి ఆక్స్‌ఫర్డ్‌షైర్‌లో వేలండ్స్ స్మిథీ, అంటే వేలండ్ కొలిమి, అనే పొడుగు సమాధి దిబ్బ ఉంది. వేలండ్ వాళ్ళ కథల్లో కమ్మరి. 955 నాటి భూదానపత్రంలోనే పొలిమేర గుర్తుగా ఆ పేరు కనిపిస్తుంది. గుర్రాన్ని కట్టేసి, ఒక నాణెం రాతి మీద పెట్టి పోతే, తెల్లారేసరికి నాడాలు వేసి ఉంటాయని ఊళ్ళో చెప్పుకొనే మాటను 1738లో ఫ్రాన్సిస్ వైజ్ అచ్చువేశాడు. లండన్ సొసైటీ ఆఫ్ ఆంటిక్వరీస్ వాళ్ళు 1919లో తవ్వితే ఇనుపకడ్డీలు దొరికాయి! సమాధి మాత్రం ఇనుము పుట్టకముందుది, అయిదువేల ఏళ్ళు దాటినది. 1962-63లో మళ్ళీ తవ్వితే, దిబ్బ కింద అంతకన్నా పాత కర్రగదిలో పద్నాలుగుమంది ఎముకలు బయటపడ్డాయి. కమ్మరి పేరు ముందా, కడ్డీలు ముందా అని నేను రాత్రులు ఆలోచించాను. సురపురంలో మెడోస్ టేలర్ అనే ఇంగ్లీషు దొర రాకాసిగుళ్ళలాంటివే తవ్వి, ఇవి మా ఇంగ్లండు దిబ్బల్లాగే ఉన్నాయని ఆశ్చర్యపోయింది ఊరికే కాదు.

బండిఱ:
రాకాసి సరే. బాత్ అని మూలంలో పేరు లేదన్నది గుర్తుంచుకోండి. 1865లో లియో అన్న జర్మన్ పండితుడు వేడినీళ్ళ ప్రస్తావన పట్టుకుని ఆ ఊరు అన్నాడు. ప్రతి ఉన్నది ఒక్కటే, లియోఫ్రిక్ బిషప్ ఎక్సెటర్ కెథీడ్రల్‌కి ఇచ్చిన పుస్తకంలో. దాని చివరి ఆకుల్ని కొరివి కాల్చేసింది, ఈ పద్యం సరిగ్గా ఆ కాలిన చోటే ఉంది. కూలిన ఊరి పద్యం కూలిపోయి మిగిలింది.

గోదారిగట్టు:
కాలిన ఆకు అంటే గుర్తొచ్చింది. అదే పుస్తకంలో ఒక దేశదిమ్మరి పద్యం ఉంది. గుర్రమేదీ, వీరుడేడీ, నిధులు పంచిన దొర ఏడీ అని వరసగా అడుగుతాడు. అచ్చం మన పోతన. "కారే రాజులు? రాజ్యముల్ గలుగవే? గర్వోన్నతిం బొందరే? వారేరీ?" ఆ "వారేరీ" దగ్గర నా గొంతు ఇప్పటికీ పట్టుకుంటుంది. తేడా చూడండి. ఆ దిమ్మరి ఇచ్చినవాణ్ణి కూడా పోయినవాళ్ళ జాబితాలోనే వేశాడు. బలిచక్రవర్తి మాత్రం శిబి ప్రముఖుల్ని జాబితాలోంచి తీసేశాడు: "వారలన్ మఱచిరే యిక్కాలమున్?" అడుగుతున్నది శుక్రుణ్ణి, చెయ్యి చాచి నిలబడ్డది వామనుడు. ఇంతకన్నా పెద్ద ప్రశ్న తెలుగులో లేదు.

బండిఱ:
ఆ "మఱచిరే"లో ఉన్నదీ బండి ఱే. పోతన ఎక్కడ రాయాలో అక్కడే రాశాడు.

పాటిదిబ్బ:
అందరికీ కృతజ్ఞతలు. చెల్లెలికి ఫోన్ చేశాను. రెండో పాదం తనకి గుర్తుంది: "సున్నమంతయు మంచులో సొగసు దప్పె." మూలంలో ఆ చోట "హ్రీమ్ ఆన్ లీమె", సున్నం మీద మంచు అని మాత్రమే ఉంది, క్రియ లేదు. "దప్పె" మాస్టారు చేర్చిందే. ఆయన భూతకాలంలో చెప్పుకుంటూ పోయారంటే పైన కూడా "రాలె" అయి ఉండాలి కదా?

గోదారిగట్టు:
అక్కర్లేదు. సొగసు ఒక్కసారే పోతుంది, గోడ రోజూ రాలుతుంది. "రాలు... దప్పె" అని ఆయన కావాలనే పెట్టి ఉంటారు.

బండిఱ:
యతి చూశారా, సు-సొ. ఇంత శుభ్రంగా కుదిర్చినవాడు పైపాదంలో ర-ఱలకు పొరపడతాడా? చెల్లెలుగారిని మూడో పాదం అడగండి. ఏ అక్షరంతో ఎత్తుకున్నారో చెబితే చాలు.