సహాయకులు లేకుండా యాభై ఏళ్లు: షుల్జ్‌కు అది ఎలా సాధ్యమైంది?

ప్రశ్న:
అమెరికా కార్టూనిస్టు చార్లెస్ షుల్జ్ 1950 అక్టోబరు 2న ఏడు పత్రికలలో మొదలైన పీనట్స్ అనే కామిక్ స్ట్రిప్‌ను (పత్రికల్లో వరుస గడులలో వచ్చే బొమ్మల హాస్యకథను) 2000 ఫిబ్రవరి వరకు నడిపి, మొత్తం 17,897 స్ట్రిప్పులను, ఆలోచన మొదలుకొని అక్షరాల దాకా, తానే గీశారని చదివాను. పేరు వచ్చిన కార్టూనిస్టులు చాలామంది పెన్సిల్ గీతల మీద ఇంకు వేయడానికో, మాటల అక్షరాలు రాయడానికో సహాయకులను పెట్టుకున్నారు కదా. ఆయన ఎందుకు పెట్టుకోలేదు? నాకు ఈ వృత్తిలోకి రావాలని ఉంది. తెలిసినవారు వివరించగలరు.

జవాబు 1:
ఆ స్ట్రిప్ కట్టుబడిలోనే కొంత సమాధానం ఉంది. తక్కువ చోటులో ఇమిడే స్ట్రిప్‌గా సిండికేట్, అంటే కార్టూన్లను పలు పత్రికలకు అమ్మే సంస్థ, దానిని అమ్మింది. నాలుగు సమానమైన గడులు కావడంతో పత్రికవారు వాటిని అడ్డంగానో, నిలువుగానో, రెండు వరుసలుగానో తమకు వీలైనట్టు పేర్చుకునేవారు. అంత చిన్న గడిలో వివరమైన నేపథ్యం పట్టదు కనుక షుల్జ్ గీతలను తగ్గించుకుంటూ పోయి, నాలుగు గడ్డిపోచలు, ఒక ఇటుక గోడ, పిల్లవాడి నోటి దగ్గర చిన్న వంపు, వీటితోనే భావమంతా పలికించారు. 1988లో ఆ నాలుగు గడుల పద్ధతిని వదిలేనాటికి కూడా గీతలోని పొదుపు ఆయనను వదలలేదు.

గీతలు తగ్గినకొద్దీ ఒక్కొక్క గీత మీద భారం పెరుగుతుంది. కనుబొమ్మ వెంట్రుకవాసి వంగినా పీనట్స్ ప్రధాన పాత్ర చార్లీ బ్రౌన్ దిగులు కాస్తా కోపమవుతుంది. అటువంటి గీతను మరొకరి చేతికి అప్పగిస్తే హాస్యాన్ని కూడా అప్పగించినట్టే. తాను వాడే ఎస్టర్‌బ్రూక్ పాళీల తయారీ ఆగిపోతోందని తెలిసి, మిగిలిన నిల్వనంతా కొనిపెట్టుకున్న మనిషి ఆయన! చివరి దశాబ్దాలలో చేయి వణికేది. ఆ వణుకు గీతలో స్పష్టంగా కనిపిస్తుంది, అయినా పాళీని ఇంకొకరికి ఇవ్వలేదు. ఆ కాలపు స్ట్రిప్పులంటే నాకు ప్రత్యేకమైన గౌరవం.

జవాబు 2:
పై మాటలతో ఏకీభవిస్తూనే ఒక హెచ్చరిక చేస్తాను. షుల్జ్ 1997లో, 75వ పుట్టినరోజు సందర్భంగా, ఐదు వారాలు మాత్రమే విరామం తీసుకున్నారు. అందరూ అలా ఉండాలని లేదు. 1985 నవంబరు 18న కాల్విన్ అండ్ హాబ్స్ అనే మరో స్ట్రిప్ మొదలుపెట్టిన బిల్ వాటర్సన్ కూడా సహాయకులు లేకుండానే గీశారు, కానీ మధ్యలో రెండుసార్లు నెలల తరబడి సెలవు తీసుకుని, 1995 డిసెంబరు 31న తానే ముగించారు. తన పాత్రలతో బొమ్మలు, చొక్కాలు అమ్మడానికి వీల్లేదని ఆయన సిండికేట్‌తో ఏళ్ల తరబడి పోరాడవలసి వచ్చింది, ఎందుకంటే తొలి ఒప్పందం ప్రకారం ఆ హక్కు సిండికేట్‌దే. కాబట్టి గీత నేర్చుకున్నంత శ్రద్ధగా ఒప్పందం చదవడం కూడా నేర్చుకోండి.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ ధన్యవాదాలు. పీనట్స్‌కు ముందు షుల్జ్ ఏం చేసేవారు?

జవాబు 1:
ఉత్తరాల ద్వారా చిత్రలేఖనం నేర్పే సంస్థలో పనిచేస్తూ, 1947 నుంచి సెయింట్ పాల్ నగరపు పత్రికకు వారానికొకసారి లిల్ ఫోక్స్ పేరిట కార్టూన్లు గీసేవారు. ఆ పనులు చూపించే సిండికేట్ తలుపు తట్టారు. పీనట్స్ అన్న పేరు సిండికేట్ పెట్టినది. అది ఆయనకు ఎన్నడూ నచ్చలేదు. మీరు కూడా ముందు ఏదైనా చిన్న పత్రికకు వారం వారం తప్పకుండా గీసి ఇవ్వండి, గడువుకు పని ముగించడం అక్కడే అలవడుతుంది.