‘ఆడుకో’నా, ‘ఆడుకుంది’నా? ఇస్సా పిచ్చుక హైకూ మీద ఒక సందేహం

సగంపేజీ:
వారం రోజులుగా ఒక ముక్క నన్ను వదలడం లేదు. జపాన్ కవి ఇస్సా రాసిన పిచ్చుక హైకూ. ‘వచ్చి నాతో ఆడుకు... తల్లిలేని పిచ్చుక...’ ఇంట్లో ఒక పాత నోటుబుక్కులో ఉంది, ఏదో పత్రికలోంచి ఎత్తి రాసుకున్నది. ‘ఆడుకు’ తర్వాత నీళ్లు పడి అక్షరం అలుక్కుపోయింది. ‘ఆడుకో’నా, ‘ఆడుకుంది’నా? పిచ్చుకకి చివర దీర్ఘం ఉందో లేదో కూడా కనబడటం లేదు. ఈ తెలుగు ఎవరిదో, ఎందులో వచ్చిందో ఎవరికైనా గుర్తుందా?

తాటాకు:
ఎవరిదో చెప్పలేను గానీ, ‘ఆడుకో’నే అయి ఉండాలమ్మా. మూలం ‘వరె తో కితె / అసొబె య ఒయ నో / నయి సుజుమె’. ‘అసొబు’ అంటే ఆడుకోవడం, ‘అసొబె’ దాని విధ్యర్థకం. కాబట్టి పిచ్చుక సంబోధనే, దీర్ఘం ఉండాల్సిందే: ‘పిచ్చుకా’.

నాగోయా నుంచి:
మాష్టారూ, అది అంత తేలిగ్గా తెగదండీ. మీరు చెప్పిన ‘బె’ 1819 నాటి ఇస్సా పుస్తకం ‘ఒరగ హరు’లోది. అంతకు ఐదేళ్ల ముందు, 1814లో, ఇదే హైకూని ఇస్సా తన దినచర్య పుస్తకంలో రాసుకున్నాడు. అక్కడ ఉన్నది ‘అసొబు య’. ‘బు’! అంటే పిలుపు కాదు. పిచ్చుక ఆల్రెడీ వచ్చేసింది, ఆడుతోంది, ఈయన చూస్తున్నాడు. ఆ పాఠం పట్టుకున్న అనువాదకుడైతే ‘ఆడుకుంది’ అనే రాస్తాడు. నోటుబుక్కులో రెండింట్లో ఏది ఉన్నా తప్పు కాదు.

తాటాకు:
తప్పు కాదు, ఒప్పుకుంటాను. కానీ కవి చివరికి నిలబెట్టుకున్న పాఠం ఏది? ‘బె’. ఐదేళ్లు చేతిలో ఉంచుకుని ఒక్క అక్షరం మార్చాడంటే ఆ అక్షరం కోసమే మార్చాడు.

పాలపిట్ట:
ఇస్సాకి జీవాలతో విధ్యర్థకంలో మాట్లాడటం అలవాటు కూడా. బక్క కప్పతో ‘ఓడిపోకు, ఇస్సా ఉన్నాడిక్కడ’ అన్నాడు. ఈగను కొట్టబోయేవాడితో ‘కొట్టకు, చూడు చేతులు నలుపుకుంటోంది, కాళ్లు నలుపుకుంటోంది’ అన్నాడు. ఇంకో పిచ్చుక హైకూలో అయితే ‘సొకొ నొకె సొకొ నొకె’, జరుగు జరుగు అని రెండుసార్లు. ‘ఒఉమ గ తోరు’, గుర్రం వస్తోందని. గుర్రానికి ముందు ఆ గౌరవ సూచకం ‘ఒ’ ఉంది చూడండి, అది పిల్లల మాట. ‘గుర్రంగారొస్తున్నారు’ అన్నట్టు. నాకు ఆ ఒక్క ‘ఒ’ కోసం ఇస్సా అంటే ప్రాణం.

గోదారిగట్టు:
అసలు గొడవ ‘బె’లో లేదు, ‘తల్లిలేని’లో ఉంది. ‘ఒయ’ అంటే తల్లి కాదు. తల్లో తండ్రో, ఇద్దరూనో. తల్లినే అనాలంటే ‘హహ’ ఉంది. ఇస్సా ఆ మాట వాడలేదు. మరి మనవాళ్లకి తల్లి ఎక్కడినుంచి వచ్చింది? హైకూలు మనకి చాలావరకు ఇంగ్లీషు మీదుగా వచ్చాయి. అక్కడ ఒకరు ‘మదర్‌లెస్’ అన్నారు, ఒకరు ‘ఆర్ఫన్’ అన్నారు. మనం ఎవరిని పట్టుకుంటే వారి మాట వచ్చింది.

తాటాకు:
‘హహ’ ఛందస్సులో ఇమడక ‘ఒయ’ వేసి ఉంటాడు.

నాగోయా నుంచి:
ఇముడుతుంది మాష్టారూ, హైకూ నడిమి పాదానికి కావలసింది ఏడు. అ-సొ-బె-య-ఒ-య-నో, ఏడు. అ-సొ-బె-య-హ-హ-నో, అదీ ఏడే. కాబట్టి లెక్క కోసం కాదు.

పాలపిట్ట:
శబ్దం కోసమేమో? ‘అసొబె య ఒయ’లో ‘య’ ‘య’ రెండుసార్లు మోగుతోంది. ‘హహ’ వేస్తే ఆ మోత పోతుంది.

ఓరుగల్లు:
అన్నా, ఒక చిన్న సందేహం. ఇస్సా నాన్న బతికే ఉన్నాడు కదా? అమ్మ పోయిన కొన్నేళ్లకు సవతి తల్లి వచ్చింది, ఆమె పెట్టిన బాధకే పిల్లవాడు పిచ్చుకతో చెప్పుకున్నాడని నేను చదివిన. మరి తండ్రి ఉన్నవాడు ‘ఒయ’ లేనివాడు ఎట్ల అవుతాడు?

నాగోయా నుంచి:
సవతి తల్లి ఇక్కడికి రాదు తమ్ముడూ. ఆయన పుట్టింది 1763లో, షినానో కొండల్లోని కషివబర ఊళ్లో. అసలు పేరు యతరో. మూడో ఏట తల్లి పోయింది, ఎనిమిదో ఏట సవతి తల్లి వచ్చింది. ‘ఒరగ హరు’లో ఈ హైకూ కింద సంతకం ‘ఆరేళ్ల యతరో’ అని ఉంది. ఇవన్నీ వాళ్ల లెక్క ప్రకారం ఏళ్లు, పుట్టగానే ఒకటి, ప్రతి కొత్త సంవత్సరానికీ ఒకటి కనుక మన లెక్కలో నాలుగో ఐదో. అప్పటికి ఇంట్లో సవతి తల్లి లేదు. పెంచింది నాయనమ్మ. ఆ నాయనమ్మ కూడా పోయాక, పదిహేనో ఏట పిల్లవాణ్ణి ఎదో నగరానికి, అంటే ఇప్పటి టోక్యోకి, పంపేశారు.

తండ్రి ఉండగా ‘ఒయ’ లేకపోవడం గురించి మీరు అడిగింది మాత్రం మంచి ప్రశ్న. జవాబు హైకూలో లేదు, దానికి ముందున్న వచనంలో ఉంది. ఊరి పిల్లలు ఆయన్ని చూసి పాడేవారట: ‘ఒయ లేని పిల్లవాణ్ణి ఎక్కడున్నా ఇట్టే పోల్చుకోవచ్చు, గోళ్లు కొరుకుతూ గుమ్మంలో నిలబడి ఉంటాడు’ అని. అది విని దిగులుపడి వాళ్లలో కలవకుండా, పెరటి చేలో పేర్చిన కట్టెలూ గడ్డీ చాటున ముడుచుకుని కూర్చుని పొద్దంతా గడిపేవాడు. ‘నా సంగతే అయినా జాలి కలుగుతోంది’ అని రాసి, దాని కింద ఈ హైకూ పెట్టాడు.

‘ఒయ’ ఇస్సా ఎంచుకున్న మాట కాదు. వాళ్లు ఆయన మీద విసిరిన మాట. అదే మాటను తీసుకుపోయి పిచ్చుకకి పెట్టాడు. ‘నువ్వూ అంతేనా, అయితే రా.’

గోదారిగట్టు:
ఇది ఇంతవరకూ నాకు తట్టలేదండీ. అలాగైతే తెలుగు చేసేవాళ్లు ముందు ఆ వెక్కిరింపుని తెలుగు చేసుకోవాలి, తర్వాతే హైకూ. రెండు చోట్లా ఒకే మాట పడాలి. ‘అనాథ’ అని ఏ ఊరి పిల్లలు వెక్కిరిస్తారు? మా వైపు అయితే ‘దిక్కులేనోడు’, లేదా ‘తల్లి లేనోడు’.

ఓరుగల్లు:
మా అమ్మమ్మ అనేది, తల్లి చస్తే తండ్రి పినతండ్రి అని. తండ్రి కళ్లముందే ఉన్నా ఆ పిల్లవాడికి ‘ఒయ’ లేనట్టే లెక్క. అప్పుడు ‘తల్లిలేని’ తప్పు ఎట్లయితది? తెలుగులో తల్లి లేదంటే ఇద్దరూ లేనట్టే.

తాటాకు:
బాగా చెప్పారు. నేను చదివిన జపాన్ బాల్యాల్లో ఈ ‘ఒయ’ మాట మళ్లీ మళ్లీ తగులుతుంది. సోసెకి నవల ‘బొచ్చన్’ (1906) మొదటి మాటే ‘ఒయ’. ‘ఒయయుజురి నో’, అంటే తల్లిదండ్రుల నుంచి సంక్రమించిన. దేన్ని? దుడుకుతనాన్ని. ఆ దుడుకుతోనే బడి మేడ మీదనుంచి దూకి వారం రోజులు నడుం పట్టేసి మూలబడతాడు. కానీ కథలోకి వెళితే తండ్రికి వాడంటే గిట్టదు, తల్లికి పెద్దకొడుకంటేనే ముద్దు, వీణ్ణి ప్రేమించేది కియో అనే ముసలి పనిమనిషి ఒక్కతే. ‘ఒయ’ ఇచ్చింది దుడుకుతనం, ప్రేమ ఇచ్చింది కియో. సోసెకి ఆ మాటను మొదట్లోనే పెట్టడం ఊరికే కాదని నా నమ్మకం. ఆయన్ని కూడా పసితనంలోనే పెంపుడు ఇచ్చేశారు.

నాగోయా నుంచి:
సోసెకి ప్రస్తావన వచ్చింది కాబట్టి, నక కన్‌సుకె ‘గిన్ నో సజి’ (‘వెండి చెంచా’) వదలకండి. 1913లో అసాహి పత్రికలో ధారావాహికగా వచ్చింది, అక్కడ వేయించింది సోసెకియే. మందు పోయడానికి వాడిన చిన్న వెండి చెంచా పట్టుకుని బాల్యం మొత్తం లాగుతాడు. అందులోనూ రోగిష్టి పిల్లవాణ్ణి వీపున మోసి పెంచింది తల్లి కాదు, పెద్దమ్మ. ఆమె వీపు మీదనుంచి చూసిన లోకం అది. పెద్దవాడి జ్ఞాపకంలా ఉండదు, పిల్లవాడి కళ్లు అలాగే మిగిలిపోయినట్టు ఉంటుంది.

పాలపిట్ట:
ఇస్సాకి వ్యతిరేకం అన్నమాట. యాభై దాటినవాడు ఆరేళ్ల యతరోగా సంతకం పెడితే, ఆ పద్యం ఆరేళ్లవాడిదా, యాభై ఏళ్లవాడిదా? నిజంగా ఆరేళ్లప్పుడు చెప్పాడని నమ్మేవాళ్లున్నారు, నేను నమ్మను. 1814లో రాసి దానికి వయసు తర్వాత తగిలించాడు. మన పోతన చేసిందీ అదే కదా. ‘అమ్మా! మన్ను దినంగ నే శిశువునో’ అని పిల్లవాడి నోట పెద్ద కవి పద్యం పెట్టాడు. ఎవరూ అబద్ధం అనలేదు.

తాటాకు:
ఆ పోలిక ఒప్పుకోను. పోతన కృష్ణుడు వాదన గెలవడానికి మాట్లాడతాడు. యతరోకి వాదించడానికి ఎదురుగా ఎవరూ లేరు, ఒక పిట్ట తప్ప. పైగా ‘ఒరగ హరు’ ఏ ఏడాది పుస్తకమో మరిచిపోవద్దు. ఆ 1819లోనే మశూచితో కూతురు సతో పోయింది. ‘మంచుబిందువు లోకం మంచుబిందువు లోకమే, అయినా...’ అన్నది అందులోనే. తల్లిలేని పిల్లవాడూ, పిల్లలేని తండ్రీ ఒకే పుస్తకంలో పక్కపక్కన ఉన్నారు. ఆ ఏడాది ‘బు’ని ‘బె’ చేశాడంటే నాకు ఆశ్చర్యం లేదు. ఎవరో ఒకరు రావాలి, అందుకని పిలుస్తున్నాడు.

నాగోయా నుంచి:
మాష్టారూ, ఆ పుస్తకం ఆయన బతికుండగా అచ్చు కాలేదు. 1828 మొదట్లో పోయాడు, ‘ఒరగ హరు’ 1852లో వచ్చింది. ‘చివరికి నిలబెట్టుకున్న పాఠం’ అనడానికి అదొక్కటి గుర్తుంచుకోవాలి.

గోదారిగట్టు:
‘ఒరగ హరు’ని అందరూ ‘నా వసంతం’ అంటారు. ‘ఒర’ పల్లె మాట కదా, నాకైతే ‘మా’ అనాలనిపిస్తుంది. ‘మా ఇల్లు’, ‘మా ఊరు’ అన్నట్టు. పైగా అక్కడి ‘హరు’ కొత్త సంవత్సరం కూడా. అలాగైతే ‘మా ఉగాది’. ఆ పేరున్న హైకూలో ‘పండగ సంబరం కూడా చూకురై’ అంటాడు. ‘చూకురై’ అంటే అచ్చంగా మధ్యస్తం అని కొందరు, షినానో మాండలికంలో ‘ఏదో అంతంతమాత్రం’ అని ఇంకొందరు. నేను రెండో వైపు.

ఓరుగల్లు:
నాకు ఇంకో చిక్కు. ‘ఆడుకో’ అని వదిలేస్తే పొడిగా ఉంది, ‘అసొబె’ తర్వాతి ఆ ‘య’ ఎటు పోయింది? తెలుగులో పిలిస్తే ‘ఆడుకోరా’ అనాలె, లేకుంటే ‘ఆడుకోవే’ అనాలె. పిచ్చుక ఆడదా, మగదా?

పాలపిట్ట:
‘వే’ ఆడవాళ్లకే అని ఎవరన్నారు? ‘చందమామ రావే, జాబిల్లి రావే’ అని పిల్లలందరూ మామనే పిలుస్తారు కదా!

తాటాకు:
అన్నమయ్యలో అది ‘రావో’. ‘చందమామ రావో జాబిల్లి రావో, మంచి కుందనంపు పైడికోర వెన్నపాలు తేవో’. ‘వే’ జనం నోట వచ్చింది.

పాలపిట్ట:
జనం నోటిదే అన్నమయ్య ఎత్తుకుని ‘వో’ చేసి ఉండకూడదా? లాలిపాటలు ఆయనకి ముందు లేవా?

తాటాకు:
ఉండవచ్చు. కానీ ‘వో’లో దూరం ఉంది. ఎక్కడో పైనున్నవాణ్ణి గొంతెత్తి పిలవడం. ‘వే’ పక్కనున్నవాళ్లకి. పిచ్చుక కట్టెల మోపు మీదే ఉంది కాబట్టి ఇక్కడికి ‘వే’ సరిపోతుంది. ‘వచ్చి నాతో ఆడుకోవే, తల్లిలేని పిచ్చుకా.’

నాగోయా నుంచి:
ఈ ‘వే’లో నాకు ‘బె’ కూడా వినిపిస్తోంది మాష్టారూ. చాలా బాగుంది.

సగంపేజీ:
ఇప్పుడే అంతా చదివాను. నోటుబుక్కు మా అన్నయ్యది. ఇందాక ఫోన్ చేసి అడిగాను. ‘ఆడుకో’నో ‘ఆడుకుంది’నో తనకి గుర్తులేదట, పత్రిక పేరూ గుర్తులేదు. కానీ ఒక సంగతి చెప్పాడు. పత్రికలో ‘అనాథ పిచ్చుక’ అని ఉందట. ఎత్తి రాసుకునేటప్పుడు తనే ‘తల్లిలేని’ అని మార్చాడట. అప్పటికి మా అమ్మ పోయి రెండేళ్లు.

గోదారిగట్టు:
అన్నయ్యగారికి నా నమస్కారం చెప్పండి. ఆ మార్పు తెలుగులో సరైన మార్పు.

తాటాకు:
నాదీ అదే మాట. అయితే అమ్మా, పత్రికలో ‘అనాథ’ ఉంటే దాని ముందు ‘ఆడుకోవే’ కుదరదు. సంస్కృతం మాట పక్కన ‘వే’ ఎబ్బెట్టుగా ఉంటుంది. కాబట్టి ‘ఆడుకో’ గానీ...

పాలపిట్ట:
ఎందుకు కుదరదు మాష్టారూ? ‘అనాథ పిచ్చుకా, రావే’ అని చదివి చూడండి ఒకసారి.