అప్‌డేట్: కుడి మడమ పుండుకి చివరికి ఏ కోడ్ పడిందంటే

నేను మెడికల్ కోడర్‌ని, అంటే చార్ట్‌లో ఉన్న జబ్బులకి ఐసీడీ-10 కోడ్‌లు వేస్తాను. ఈ పుండుకి ఏ కోడ్ వేయాలని పోయిన వారం అడిగాను, గుర్తుందా? అమెరికా పేషెంట్ చార్ట్ (వైద్య రికార్డు). పేషెంట్‌కి టైప్ 2 షుగర్, ఎక్కువగా మంచం మీదే ఉంటారు. డాక్టర్ నోట్‌లో ‘కుడి మడమ మీద మానని పుండు’ అని మాత్రమే ఉంది. కొవ్వు పొర కనిపిస్తోందని నర్స్ రాసింది. నేను ఎల్89.613 వేశాను, అంటే ఒత్తిడి పుండు, స్టేజ్ 3. ఆడిట్‌లో ఎర్రర్ పడింది.

మీలో చాలామంది ‘క్వెరీ పెట్టు’ (అంటే డాక్టర్‌నే రాసి అడుగు) అన్నారు, పెట్టాను. మొదటి డ్రాఫ్ట్‌ని మా లీడ్ తిప్పికొట్టారు. ‘ఇది డయాబెటిక్ పుండే కదా?’ అని రాశాను మరి! జవాబు మనమే అందించకూడదట. పుండు రకం ఏమిటో స్పష్టం చేయమని, ఆప్షన్లు ఇచ్చి మళ్ళీ పంపాను. రెండు రోజులకి డాక్టర్ జవాబు వచ్చింది: షుగర్ వల్ల వచ్చిన పాదం పుండు, ఒత్తిడి వల్ల కాదు.

కాబట్టి ముందు ఇ11.621 (పాదం పుండుతో టైప్ 2 షుగర్), తర్వాత ఎల్97.412 (ఒత్తిడి వల్ల కాని కుడి మడమ పుండు, కొవ్వు పొర కనిపించేంత లోతు). ఎల్97 కింద అసలు జబ్బునే ముందు కోడ్ చేయమని ఉంది, వరస మార్చకూడదు. నేను తికమకపడ్డది నర్స్ నోట్ దగ్గర. లోతు వరకు నర్స్ రాసింది తీసుకోవచ్చు, కానీ పుండు ఏ రకమో డాక్టరే చెప్పాలి. మంచం పట్టిన మనిషి అనగానే ఒత్తిడి పుండని నేనే తేల్చేశాను, తప్పు నాదే.

ఇన్సులిన్ వాడుతున్నారని చార్ట్‌లో ఉన్నా దానికి వేయాల్సిన జెడ్79.4 (చాలాకాలంగా ఇన్సులిన్ వాడకం) వదిలేశాను. అదీ ఆడిటరే పట్టుకున్నారు. లోతు రాయకపోతే ఎల్97.419 అన్నవాళ్ళకి థ్యాంక్స్, నిన్న ఇంకో చార్ట్‌లో అదే పనికొచ్చింది.