బాణీ మారింది అంటే ఏం మారినట్టు?

బాణీ అంటే ట్యూనే, వేరే అర్థం లేదని నిన్న ఇక్కడ ఒకరు రాశారు. నేను ఒప్పుకోను. సినిమాల పుణ్యమా అని ‘బాణీలు కట్టారు’ స్థిరపడింది గానీ, నాట్యంలో ‘తంజావూరు బాణీ’ అంటే ఎవరూ ట్యూన్ అనుకోరు కదా.

మాది కావలి దగ్గర పల్లె. ధనుర్మాసం భజనలో మా పెదనాన్న ముందు పాడేవాడు. బొంగురు గొంతు. హార్మోనియం తాత ఆయన వెంటే మెట్టుకు మెట్టు నొక్కుకుంటూ పోయేవాడు. పెదనాన్నకు చేతకాకపోయాక మా అన్న అందుకున్నాడు. వాడు మాటను సాగదీసి పైనెక్కడో నిలబెడతాడు. తాత నాలుగు రోజులు తడబడి, వెంటపడటం మానేశాడు. రెండు మెట్లు నొక్కిపట్టి తిత్తి ఆడిస్తూ కూర్చున్నాడు. అదే కీర్తన, కొత్తగా వినపడింది. మా అవ్వ అనింది: “వరస అదేలే అబ్బయా, బాణీ మారిపోయింది.”

వరస, అంటే ట్యూన్, పాటది. బాణీ పాడే జట్టుది. నాకు అప్పుడే తెలిసొచ్చింది.

ఇంగ్లాండు రాక్ బ్యాండ్ బ్లాక్ సబ్బాత్‌ను వినేవాళ్ళకు ఇది ఇట్టే అర్థమవుతుంది. 1970 నాటి ‘ఐరన్ మ్యాన్’లో ఓజీ ఆస్బర్న్ గొంతు గిటార్ రిఫ్ (మళ్ళీ మళ్ళీ వచ్చే చిన్న గిటార్ ముక్క) వెంటే నడుస్తుంది, అచ్చం మా పెదనాన్న, తాతల్లాగా. 1979లో ఓజీ బ్యాండ్‌లోంచి బయటికెళ్ళాక, పాడటానికి రోనీ జేమ్స్ డియో వచ్చాడు. ఆయన రిఫ్‌ను అడ్డంగా దాటుకుంటూ పాడతాడు. దాంతో 1980 ఆల్బమ్‌లో బ్యాండ్ గిటారిస్టు టోనీ ఐయోమీ గిటార్ చరణాల్లో వెనక్కి తగ్గి, గొంతుకు చోటిచ్చింది.

ఇది చదివి ఒక తమ్ముడు అడిగాడు:
— అన్నా, 19 ఆల్బమ్‌ల్లో ఐదుగురు గాయకులు మారినా ఐయోమీ ఒక్కడే అన్నిట్లో ఉన్నాడు. మరి బాణీ ఆయనది కాదా?

మంచి ప్రశ్న తమ్ముడూ. ఫ్యాక్టరీలో రెండు వేళ్ళ కొసలు తెగాక, ప్లాస్టిక్ తొడుగులతో వాయించాడాయన. 1971కల్లా తీగలు వదులు చేసి శ్రుతి దించాడు. ఆ బరువు ఎవరు పాడినా పోలేదు. దానికి ‘ఒరవడి’ అంటాను. పలక మీద అయ్యవారు రాసిచ్చేది, పిల్లలు దిద్దేది. ఒరవడి ఐయోమీది, దిద్దిన చేతిని బట్టి బాణీ.

ఉదయగిరి, కనిగిరి వైపు చెక్కభజన జట్లలో దీనికి వేరే మాట ఉందా? విన్నవాళ్ళు రాయండి.