చల్దిముద్ద ఏ చేతిలో? డాపలి - దాపలి

కడప: బడి గోడ మీద పోతన భాగవతంలో కృష్ణుడు చల్దులారగించే ఘట్టం గీస్తున్నాను. "మీఁగడపెరుగుతో మేళవించిన చల్దిముద్ద... చేత మొనయ నునిచి". మధ్య మాట ఎంతకీ గుర్తు రావడం లేదు. ముద్ద ఏ చేతిలో పెట్టాలి?

ప్రొద్దుటూరు: "దాపలిచేత". అంటే ఎడమ. మన పొలాల్లో కాడికి ఎడమ వైపున కట్టేది దాపటెద్దు కదా. దాపు అంటే దగ్గర. గుండెకు దగ్గరి చేయి కనుక దాపలి అయిందని నా నమ్మకం.

నంద్యాల: "డాపలి" అన్నా. ముందు పాదంలోనే కొమ్మునూ బెత్తాన్నీ "డాచంక నిఱికి" అన్నాడు పోతన. చంకకు డా పెట్టి, చేతికి దా పెడతాడా? డా అంటేనే ఎడమ, దాపుతో పని లేదు.

ప్రొద్దుటూరు: డిగు, దిగు ఒకటే అయినప్పుడు ఇది మాత్రం ఎందుకు కాకూడదు? పైగా యతి "ముద్ద", "మొనయ"లలోని ము-మొలకు పడింది. ఆ డాకు ఛందస్సు కాపలా లేదు. రాతగాడు ఏది రాసినా గణం చెడదు.

అనంతపురం: అక్షరం ఏదైనా సరే, అక్కా, ఎడమ చేతిలో అన్నమేమిటని ఎవరైనా అంటే కుడి చేతికి మార్చకండి. సంస్కృత మూలంలోనే "వామే పాణౌ" అని ఉంది. ఎడమ అరచేయే కంచం, తినేది కుడి చేత్తో. తిండి బొమ్మకు చేతులే ప్రాణం. వాన్ గో 1885లో బంగాళాదుంపలు తినే పేదల చిత్రం వేసి, పళ్లెంలో పెట్టిన ఆ చేతులే నేల తవ్వాయని తమ్ముడికి రాశాడు.

కడప: మరి పద్యంలో వేళ్ల సందుల్లో ఇరికించిన ఊరుగాయ ఎర్రగా వేయవచ్చా?

ఆదోని: వద్దు! పోతనది 15వ శతాబ్దం. మిరపకాయ మన దేశానికి పోర్చుగీసువారి వెంట ఆ తరువాత వచ్చింది. రాయలవారు ఆముక్తమాల్యదలో విష్ణుచిత్తుడి ఇంట వడ్డించిన విందులో కూడా మిరియప్పొడి, ముక్కు అదిరే ఆవ ఉన్నాయి. ఆవపిండి పసుపు రంగు వేయండి. మూలంలో వేళ్ల మధ్య ఉన్నవి "ఫలాని", అంటే పండ్లు మాత్రమే. ఊరుగాయ మన బమ్మెరవారి చేతి రుచి.

ఒంటిమిట్ట: బమ్మెర ఇంటిపేరు. ఊరు మాది.

ఆదోని: పోతన ఏ ఊరివాడన్న ఆ వ్యాజ్యం మళ్లీ మొదలుపెట్టకండి స్వామీ, బొమ్మ ఆగిపోతుంది.

నంద్యాల: పద్యం చివరి ఎత్తుగీతి మరిచిపోయారు. "యాగభోక్త కృష్ణుఁ డమరులు వెఱఁగంద శైశవంబు మెఱసి చల్ది గుడిచె". హవిస్సు అందుకోవలసినవాడు రాత్రి మిగిలిన అన్నం తింటున్నాడు! ఆ వెఱగు చూపాలంటే పైన మబ్బుల్లో దేవతల ముఖాలు తప్పకుండా వేయాలి.

కడప: వేస్తాను. ఇంతకీ ఊరుగాయలు ఏ చేతి వేళ్ల సందుల్లో?

అనంతపురం: ఎడమ చేతివే. కుడి వేళ్ల మధ్య ఇరికిస్తే ముద్ద తుంచుకునేదెలా?

ప్రొద్దుటూరు: ఎడమ అరచేతిలో పెరుగన్నం ఉండగా అవే వేళ్లకు ఊరుగాయ ఎలా నిలుస్తుంది? పద్యం ఏ చేయో చెప్పలేదు. కుడి చేతికే నా ఓటు.

నంద్యాల: "మేళవించిన" అన్నాడు చూడండి. గట్టిగా కలిపిన ముద్ద, జారదు. ఎడమే.