భానుమతి గారి ప్రతిభను ఎక్కడి నుంచి చెప్పుకు రావాలి?

ప్రశ్న (బరంపురం నుంచి):
మా ఊరి తెలుగువారం అప్పుడప్పుడూ కూడి పాత సినిమాల గురించి మాట్లాడుకుంటాం. ఈసారి భానుమతీ రామకృష్ణ గారి మీద ప్రసంగించే పని నాకు అప్పగించారు. నటి, గాయని, రచయిత్రి, సంగీత దర్శకురాలు, దర్శకురాలు, నిర్మాత అని వరుసగా చదివితే అది జాబితా అవుతుందే తప్ప ప్రసంగం కాదు. పైగా ఆ రోజుల్లో నటించేవారందరూ పాడుకునేవారే కదా, ఆవిడ ప్రత్యేకత ఏముందని పెద్దాయన ఒకరు అప్పుడే అడ్డు తగిలారు. ఏ కొస పట్టుకుంటే మిగతాదంతా దారికి వస్తుందో తెలిసినవారు చెప్పగలరు.

జవాబు (పర్లాకిమిడి):
ఆ పెద్దాయన మాట 1939కి సరిపోతుంది. సి. పుల్లయ్య గారి ‘వరవిక్రయం’లో ఆమె కాళింది వేషం వేసిన నాటికి, పాట రానివారికి తెర మీద చోటు దొరకడం కష్టమే. 1951కి కాలం మారింది. ‘మల్లీశ్వరి’లో రామారావు గారికి ఘంటసాల పాడగా, భానుమతి గారు మాత్రం తన పాటలు తానే పాడుకున్నారు. కృష్ణశాస్త్రి గారు రాసిన ‘మనసున మల్లెల మాలలూగెనే’ మరోసారి చూడండి. పాడిన మనిషే నటిస్తున్నారు గనుక పలుకు విరుపుకూ కంటి చూపుకూ ఎడం ఉండదు.

జవాబు (రాయగడ):
నేనైతే భరణీ పిక్చర్స్ దగ్గర మొదలుపెడతాను. భర్త పి.ఎస్. రామకృష్ణారావు గారితో కలిసి సొంత సంస్థ పెట్టుకోబట్టే, తక్కిన విద్యలన్నిటికీ చోటు దొరికింది. పరాయి సంస్థలో కథానాయికకు స్వరకల్పన ఎవరు అప్పగిస్తారు? 1954 నాటి ‘చక్రపాణి’కి సంగీతం ఆమెదే. అంతకు ముందే, 1953లో ‘చండీరాణి’ని తెలుగు, తమిళ, హిందీ భాషల్లో తానే నటిస్తూ తానే దర్శకత్వం వహించి తీశారు. ఇంట్లో తెలుగు, బజారులో ఒడియా, ఆఫీసులో హిందీ మాట్లాడే మనకు, భాష మారితే మనిషి మాట తీరూ చేతుల కదలికా ఎలా మారిపోతాయో తెలుసు కాబట్టి, ఒకే సన్నివేశాన్ని మూడు భాషల్లో పండించడం ఎంత శ్రమో ఒకరు చెప్పనక్కరలేదు.

జవాబు (గునుపురం):
రాయగడ వారితో ఏకీభవిస్తూనే ఒక మాట. అభిమానం కొద్దీ రామకృష్ణారావు గారిని పక్కకు నెట్టవద్దు. ‘లైలా మజ్ను’, ‘విప్రనారాయణ’, ‘బాటసారి’ వంటి భరణీ వారి ముఖ్యమైన చిత్రాలకు దర్శకుడు ఆయనే. ఇక బయటి సంస్థల్లో ఆమె స్వతంత్రత అన్నిసార్లూ చెల్లలేదు. ‘మిస్సమ్మ’లో మొదట ఆమెనే తీసుకుని, కొంత చిత్రీకరణ అయ్యాక ఆ వేషాన్ని సావిత్రి గారికి ఇచ్చారు. రచయిత్రిగా చెప్పాలంటే ‘అత్తగారి కథలు’ ఒక్కటి చాలు. చాదస్తపు అత్తగారిని చూసి నవ్విస్తూనే ఆవిడ మీద మనకు ప్రేమ పుట్టించడం, నా దృష్టిలో దర్శకత్వం కన్నా కష్టమైన పని. సమయం చాలకపోతే పద్మ పురస్కారాల ఊసు వదిలేసి, ‘చక్రపాణి’ పాట ఒకటి వినిపించండి.