యిల్మాజ్ గ్యునెయ్ పరిచయం: ‘యోల్’కి దర్శకుడిగా ఎవరి పేరు వేయాలి?

ప్రశ్న: మా ఫిల్మ్ క్లబ్‌లో టర్కీ సినిమా ‘యోల్’ వేస్తున్నాం. కరపత్రానికి ఒక పేజీ పరిచయం కావాలి. కొన్నిచోట్ల దర్శకుడు యిల్మాజ్ గ్యునెయ్ అనీ, కొన్నిచోట్ల షెరీఫ్ గ్యోరెన్ అనీ ఉంది. ఏది సరైనదండీ?

జవాబు 1: దర్శకత్వం గ్యోరెన్, స్క్రీన్‌ప్లే గ్యునెయ్ అని వేయండి. షూటింగ్ నాటికి గ్యునెయ్ జైల్లో ఉన్నారు. ప్రతి సన్నివేశం ఎలా తీయాలో వివరంగా రాసి పంపారు కాబట్టి ‘కథ ఇచ్చారు’ అంటే తక్కువ చేసినట్టే. 1981 అక్టోబరులో జైలు నుంచి సెలవు మీద బయటికొచ్చి, తిరిగి వెళ్లకుండా దేశం దాటారు. రహస్యంగా స్విట్జర్లాండ్ చేరిన నెగటివ్‌ని తానే దగ్గరుండి ఎడిట్ చేయించారు. అందుకే ఇద్దరి పేర్లూ తిరుగుతుంటాయి. 1982 కాన్ చిత్రోత్సవంలో వచ్చిన పామ్ డోర్‌ని (అక్కడి అత్యున్నత బహుమతి) ‘యోల్’ కోస్తా గావ్రాస్ సినిమా ‘మిస్సింగ్’తో పంచుకుంది. ‘పంచుకుంది’ అన్న మాట వదిలేయకండి.

ఇంకో రెండు సినిమాల దగ్గరా ఇదే పొరపాటు జరుగుతుంది. ‘సురు’ (1978), ‘దుష్‌మన్’ (1979) జైల్లోంచి రాసినవే, తీసింది జెకీ ఒక్తెన్. ‘ఉముత్’ (1970) మాత్రం ఆయనే తీసి, నటించారు. గుర్రబ్బండి నడుపుకునే పేదవాడు లాటరీ టికెట్లు కొని, చివరికి నిధి వెతుక్కుంటూ పోయే కథ అది. రచనలో గ్యోరెన్ కూడా ఉన్నారు. ఆఖరి సినిమా ‘దువార్’ (1983) ఫ్రాన్స్‌లో స్వయంగా తీశారు. అంటే 1974 చివరి నుంచి 1981 దాకా ఆయన పేరు కనిపిస్తే ఎక్కువగా రచన ఆయనది, సెట్ మీద ఉన్నది వేరొకరు. ఈ గీత పెట్టుకుని చూస్తే తికమక తగ్గుతుంది.

ప్రశ్న: జైలు శిక్ష గురించి ‘రాజకీయ ఖైదీ’ అని రాస్తే సరిపోతుందా?

జవాబు 1: సరిపోదండీ. మూడు శిక్షల్ని కలిపేయడమే అందరూ చేసే తప్పు. 1961లో ఒక కథలో కమ్యూనిస్టు ప్రచారం ఉందని ఏడాదిన్నర జైలు. 1972లో విద్యార్థులకు ఆశ్రయమిచ్చారని అరెస్టు, 1974 క్షమాభిక్షతో విడుదల. అదే ఏడాది సెప్టెంబరులో అదానా ప్రాంతంలోని ఒక ఊళ్లో న్యాయమూర్తిని కాల్చి చంపిన కేసు, 19 ఏళ్ల శిక్ష. మూడోది దాచిపెట్టి పొగిడితే వ్యాసం నిలవదు. ఆ మనిషినీ ఆ రచననీ పక్కపక్కనే పెట్టి చూడాల్సిందే.

జవాబు 2: ప్రింటు ముందే చూసుకోండి. 1982 రూపంలో సెలవు మీద ఇళ్లకు వెళ్లే ఖైదీలు ఐదుగురు. 2017లో కాన్‌లో చూపిన కొత్త రూపంలో ఆరో ఖైదీ కథా ఉంది. కరపత్రంలో ఐదుగురని రాసి తెర మీద ఆరుగురిని చూపిస్తే ప్రేక్షకులు అయోమయపడతారు. పెదవుల కదలికకీ మాటలకీ పొసగకపోతే ప్రొజెక్టర్‌ని తప్పుపట్టొద్దు. అప్పటి టర్కీ సినిమాల్లో మాటలు తర్వాత వేసేవారు, దీనికీ డబ్బింగ్ తర్వాతే జరిగింది. ‘కుర్దిస్తాన్’ (కుర్దుల ప్రాంతం) అని తెర మీద పడే అక్షరాలకి సబ్‌టైటిల్ ఉందో లేదో చూడండి. అది తెలియకపోతే, టర్కీలో ఈ సినిమాని 1999 దాకా ఎందుకు చూపించలేదో సగం అర్థం కాదు.

జవాబు 3: పేర్ల అర్థాలు ఇస్తే మనవాళ్లకి బాగా పడతాయి. ‘యోల్’ అంటే దారి, ‘ఉముత్’ ఆశ, ‘సురు’ మంద. ‘దుష్‌మన్’ మనకి తెలిసిన మాటే. ‘దువార్’ గోడ, హిందీ ‘దీవార్’కి చుట్టం. లుత్ఫీ అకాద్ తీసిన ‘హుదుత్లరిన్ కానూను’ (1966)లో గ్యునెయ్ నటుడు, సహ రచయిత కూడా. ఆ పేరులో మన హద్దూ, కానూనూ రెండూ ఉన్నాయి!

వెతికేటప్పుడు ఒక చిక్కు: టర్కిష్‌లో చుక్క ఉన్న ‘ఐ’, చుక్క లేని ‘ఐ’ వేరువేరు అక్షరాలు. యిల్మాజ్‌లో ఉన్నది చుక్క లేనిది. పాత కేటలాగుల్లో ఒక రకంగా దొరక్కపోతే రెండో రకంగా కొట్టి చూడండి. గ్యునెయ్ అసలు ఇంటిపేరు పుతున్, దాంతో కూడా ప్రయత్నించండి.